పంట్లాం ఎవరి పేరు?

సభ్యులందరికీ నమస్కారం.

మొన్న మన గ్రూపులో ఒకరు “ప్యాంటుకి తెలుగు మాట ఏమిటి?” అని అడిగారు. నలుగురైదుగురు ఒకేసారి “పంట్లాం” అన్నారు. వెంటనే ఇంకొకరు “అది తెలుగెక్కడ, ఇంగ్లీషు పాంటలూనేగా” అని తేల్చేశారు. చర్చ అక్కడితో ఆగిపోయింది. నాకు మాత్రం మనసు ఊరుకోలేదు. ఆ మాట ఇంగ్లీషులో పుట్టలేదు. మొదట్లో అది బట్ట పేరు కూడా కాదు, ఒక ముసలి షావుకారు పేరు. ఆ షావుకారైనా నిజంగా బతికిన మనిషి కాదు, ఇటలీ ముసుగు నాటకాల్లో ఒక వేషం. ఆ వేషం, దాని పక్కన ఆడిన నౌకర్ల వేషాలు సినిమాలదాకా ఎలా వెళ్లాయో చెబుదామని రాస్తున్నాను. కొంచెం పొడుగవుతుంది, ఓపికగా చదవండి.

ముందు మా ఇంటి సంగతి ఒకటి. మా నాయనమ్మ ఆఖరిదాకా పంట్లాం అనే అంది. మా నాన్న ఉద్యోగంలో చేరేటప్పుడు కుట్టించుకున్న ఖాకీ పంట్లాం ఒకటి ఆవిడ ట్రంకుపెట్టెలో, కలరా ఉండల మధ్య ఉండేది. నడుము దగ్గర రెండేసి కుచ్చిళ్లు, అడుగున వెడల్పాటి మడత, వెనక జేబుకి గుండీ. ఊరంతా పంచెల్లో తిరిగే రోజుల్లో అది హోదా. “మీ నాన్న పంట్లాం తొడుక్కుని బస్సు దిగితే అరుగుల మీదవాళ్లు లేచి నిలబడ్డార్రా” అనేది. డబ్బున్నవాడి తొడుగు అన్నమాట. ఆ మాట పుట్టినచోట కూడా అది డబ్బున్నవాడిదేనని చాలా ఏళ్ల తర్వాత తెలిసింది నాకు.

16వ శతాబ్దంలో ఇటలీ అంతటా ఊరూరా తిరిగి నాటకాలాడే బృందాలు ఉండేవి. ఆ నాటకాల్ని తర్వాతి రోజుల్లో కొమ్మేదియా దెల్లార్తే అన్నారు. అర్తే అంటే ఇక్కడ కళ అనేకంటే వృత్తి అనుకోవాలి. సరదాకి వేషం కట్టేవాళ్లు కాకుండా, అదే బతుకుతెరువుగా పెట్టుకున్నవాళ్ల నాటకం. 1545 ఫిబ్రవరి 25న పదువా నగరంలో ఎనిమిది మంది నటులు నోటరీ ముందు రాసుకున్న ఒప్పందం ఇప్పటికీ దొరుకుతోంది. సామాను మొయ్యడానికి ఉమ్మడి సొమ్ముతో ఒక గుర్రం కొనాలి, ఎవరికైనా జబ్బు చేస్తే ఉమ్మడి సొమ్ములోంచే ఖర్చు పెట్టాలి, డబ్బు పెట్టెకి మూడు తాళంచెవులు ఉండాలి. ఈ మూడు తాళంచెవుల ముచ్చట చదివినప్పుడల్లా నాకు ఆ ఎనిమిది మందీ ఎదురుగా కూచున్నట్టే ఉంటుంది.

వాళ్ల దగ్గర రాసిన సంభాషణలు ఉండవు. కథ ఎటు పోవాలో నాలుగు ముక్కల్లో రాసిన కాగితం ఉంటుంది. మిగతాదంతా రంగం మీద అప్పటికప్పుడు అల్లుకోవడమే. 1611లో ఫ్లామినియో స్కాలా అనే నటుడు అలాంటి కథాంశాలు 50 అచ్చు వేశాడు. కాగితం మీద ఇంత చిన్నది రంగం మీద అంత పెద్దది ఎలా అయ్యేదంటే, ఎవరి వేషం వాళ్లకి జన్మంతా ఖాయం. ఒకసారి పంతలోనే వేషం కట్టినవాడు ప్రతి నాటకంలోనూ పంతలోనేనే.

ఈ పంతలోనే మన కథానాయకుడు. వెనిస్ వర్తకుడు, ముసలివాడు, పిసినారి. కాళ్లకి బిగుతైన ఎర్ర లాగు, పైన నల్లటి పొడుగు అంగీ, ముఖం పైసగానికి కొక్కెం ముక్కున్న తోలు ముసుగు, కింద ముందుకు పొడుచుకొచ్చిన గడ్డం, మొలకి డబ్బుసంచి. నడుం వంగి ఉంటుంది గానీ పడుచుపిల్ల కనిపిస్తే నిటారుగా నిలబడాలని చూస్తాడు. వెనిస్‌లో సంత్ పంతలోన్ అనే పునీతుడి పేరు మీద గుడి ఉంది, ఆ పేరు అక్కడ బాగా వాడుక. అందుకే వెనిస్‌వాడికి ఆ పేరు పెట్టారంటారు.

బృందాలు ఫ్రాన్సు వెళ్లాయి. ఫ్రెంచివాళ్లకి అతని ముఖం కంటే ముందు ఆ కాళ్ల తొడుగు గుర్తుండిపోయింది. దాన్నే పంతలాన్ అన్నారు. ఫ్రెంచి విప్లవం నాటికి మోకాళ్ల దాకా ఉండే లాగులు జమీందార్లవీ, పొడుగు పంతలాన్లు కూలినాలి జనానివీ అయ్యాయి. షావుకారు పేరు పేదవాడి కాళ్లకి చుట్టుకుంది చూడండి! ఇంగ్లీషులోకి పాంటలూన్‌గా వచ్చింది, అమెరికావాళ్లు దాన్ని కత్తిరించి ప్యాంట్స్ చేశారు. ఇంగ్లీషువాళ్లతో మన దేశం వచ్చి హిందుస్తానీలో పత్లూన్ అయింది, మన దగ్గర పుస్తకం, పట్టణం వరసలో సున్నా తగిలించుకుని పంట్లాం అయింది. కాబట్టి ప్యాంటు అన్నా పంట్లాం అన్నా రోజూ పొద్దున్నే మనం తలుచుకుంటున్నది ఆ వెనిస్ ముసలాయన్నే.

షేక్స్‌పియర్‌కి ఈ వేషం బాగా తెలుసు. మనిషి బతుకుని ఏడు అంకాలుగా చెప్పే ప్రసిద్ధమైన ప్రసంగంలో ఆరో అంకానికి ఈ పాంటలూన్ పేరే పెట్టాడు. పడుచుతనంలో కొని జాగ్రత్తగా దాచుకున్న తొడుగు ఇప్పుడు సన్నబడ్డ పిక్కలకి వదులైపోయింది అంటాడు. ఆ వదులు లాగుని గుర్తుపెట్టుకోండి, కింద మళ్లీ వస్తుంది.

పంతలోనే ఎదురుగా నిలబడేవాడు జాన్ని. ఇది పేరు కూడా కాదు. జొవాన్ని అనే మామూలు పేరుని వెనిస్ వైపు పొట్టిగా పిలిచే పిలుపు. మన కథల్లో నౌకరు అనగానే ఎంకడనో సుబ్బడనో ఏదో ఒక పేరు పెట్టేసినట్టు. బెర్గమో కొండల మీంచి పని వెతుక్కుంటూ వెనిస్‌కి దిగివచ్చి మూటలు మోసే కూలివాడు. అతనికి ఎప్పుడూ ఒకటే బాధ: ఆకలి. యజమాని మొలకి నిండు సంచి, నౌకరుకి ఖాళీ కడుపు. మొత్తం నాటకం ఈ రెండింటి మధ్యే నడుస్తుంది. అర్లెక్కీనో, బ్రిగెల్లా, నేపుల్స్ పుల్చినెల్లా, అందరూ ఈ జాన్ని వంశంవాళ్లే. ఇంగ్లీషులో పిచ్చిపిచ్చి చేష్టలకి వాడే జేనీ అనే మాట ఇతని పేరే.

నా ఉద్దేశంలో సినిమాకి చేరింది ఆ తోలు ముసుగూ కాదు, ఆ కథలూ కాదు. ఈ నౌకరు ఆకలి, దాన్ని ఒంటితో చెప్పే విద్య. దీని మీద మీరేమంటారో చెప్పండి.

*

వ్యాఖ్య (తెనాలి నుంచి ఒక మాస్టారు): చాలా బాగుందండీ. కానీ ఒక సందేహం. నౌకరు ఆకలి, యజమాని పిసినారితనం ప్రపంచంలో ఎక్కడైనా ఉంటాయి. సినిమాల్లో కనిపించేది పోలికా, నిజంగా వంశమా?

జవాబు: మంచి ప్రశ్న అడిగారు మాస్టారూ. కొన్నిచోట్ల పోలికే. కానీ ఒక వంశవృక్షం మాత్రం ఖాయంగా ఉంది.

పారిస్‌లో ఇటలీ నటుల్ని ఫ్రాన్సు రాజు 14వ లూయీ 1697లో వెళ్లగొట్టాడు. వాళ్ల వేషాలు సంతల్లో ఆడే చిన్న నాటకశాలల్లో తలదాచుకున్నాయి. పెద్ద నాటకశాలలేమో మాటలున్న నాటకం మా హక్కు అని పట్టుబట్టి, సంతల్లో ఆడేవాళ్లు సంభాషణ చెప్పకుండా ఆంక్షలు తెప్పించాయి. నోరు కట్టేస్తే ఏం చేస్తారు? ఒంటితో చెప్పడం నేర్చుకున్నారు. 19వ శతాబ్దం మొదట్లో పారిస్‌లోని ఫ్యూనాంబ్యూల్ అనే నాటకశాలలో పియెరో అనే తెల్లముఖం నౌకరు వేషంతో ఊరినంతా ఊపేసిన జాన్ గాస్పార్ దెబ్యూరో మాటలేకుండానే ఆ పని చేశాడు. అతని మీద మార్సెల్ కార్నే 1945లో ఫ్రెంచి సినిమా తీశాడు. అందులో మొదట్లోనే ఒక దృశ్యం ఉంది. గుంపులో ఒకాయన జేబు గడియారం పోతుంది, పక్కనున్న ఆడమనిషి మీద నింద పడుతుంది. పైన బల్ల మీద తెల్లముఖంతో ఊరికే కూచున్న వేషగాడు లేచి, జరిగిందంతా చేతులతో, నడకతో ఆడి చూపిస్తాడు. పోలీసు ఆవిణ్ని వదిలేస్తాడు. నోరులేనివాడు సాక్ష్యం చెప్పడం!

లండన్‌లోనూ దారి ఇలాంటిదే. అక్కడా మాటల నాటకానికి లైసెన్సు ఉన్న నాటకశాలలు రెండు మూడే. అర్లెక్కీనో అక్కడ హార్లెక్విన్ అయి, మాటలు తక్కువ, గంతులు ఎక్కువ ఉన్న ఆట ఒకటి పుట్టింది. అందులోని క్లౌన్ వేషాన్ని జోసెఫ్ గ్రిమాల్డీ గొప్పగా పెంచాడు. ఇటలీ వంశంవాడే. ఆ ఆటే మ్యూజిక్ హాళ్లలోకి వెళ్లింది. అక్కడ ఫ్రెడ్ కార్నో అనే ఆయన హాస్య బృందాలు నడిపాడు. ఆ బృందంతో అమెరికా వెళ్లిన ఇద్దరు కుర్రాళ్లు చార్లీ చాప్లిన్, స్టాన్ లారెల్. ఇది పోలిక కాదు మాస్టారూ, గురుశిష్య పరంపర. మూకీ సినిమా పుట్టేనాటికి మాట లేకుండా కథ చెప్పడం వీళ్లకి వందేళ్లకి పైబడిన విద్య. కెమెరాకి గొంతు లేదు, వీళ్లకి గొంతు అవసరం లేదు. సరిగ్గా కుదిరింది.

అర్లెక్కీనో చేతిలో ఒక బద్ద ఉండేది. రెండు పలచటి చెక్కలు కలిపి కట్టినది. కొడితే దెబ్బ తగలదు గానీ టప్పుమని పెద్ద చప్పుడు వస్తుంది. ఇంగ్లీషులో దాని పేరే స్లాప్‌స్టిక్. ఇప్పుడు మనం రివ్యూల్లో స్లాప్‌స్టిక్ కామెడీ అని రాస్తాం కదా, ఆ చెక్కబద్దే అది.

ఇప్పుడు ఆ వదులు లాగు. 1914 ఫిబ్రవరిలో చాప్లిన్ దేశదిమ్మరి వేషం మొదటిసారి జనం ముందుకొచ్చింది. పిల్లల కార్ల పందెం దగ్గర కెమెరాకి అడ్డం పడే చిన్న సినిమా. అది తీసిన ఊరు కాలిఫోర్నియాలోని వెనిస్. కాకతాళీయమే, కానీ చెప్పకుండా ఉండలేకపోయాను. బిగుతు కోటు, చిన్న టోపీ, పెద్ద బూట్లు, వదులు పంట్లాం. పంతలోనే లాగు బిగుతు, యజమాని కాబట్టి. జాన్ని వేసుకునేది వదులు సంచుల్లాంటి తెల్లబట్టలు, కూలివాడు కాబట్టి. చాప్లిన్ ఒంటి మీద రెండూ ఉన్నాయి: పైన పెద్దమనిషి బిగువు కోటు, కింద కూలివాడి వదులు లాగు. చేతిలో బద్ద బదులు కర్ర. చిన్న మీసమే ముసుగు. ఒకే ఒంట్లో ఇద్దరూ ఉన్నారు, అందుకే అతను పడిపోయినా మర్యాదగా పడిపోతాడు.

1925లో వచ్చిన అతని బంగారు వేట సినిమాలో బూటు ఉడకబెట్టే ఘట్టం మీరందరూ చూసే ఉంటారు. మంచులో గుడిసె, పండగ రోజు, తిండి లేదు. బూటుని పళ్లెంలో పెట్టి పైతోలు ఒకవైపు, అట్ట ఒకవైపు విడదీసి వడ్డిస్తాడు. బూటు తాడుని ఫోర్కుకి సేమియాలా చుట్టుకుని నోట్లో పెట్టుకుంటాడు. మేకుల్ని ఎముకల్లా చప్పరిస్తాడు. ఇటలీ నౌకరుకి పాతకాలపు ఆట ఒకటుంది. ఆకలితో నకనకలాడుతూ ఉంటే ఒక ఈగ కనిపిస్తుంది. దాని వెనక వేటగాడిలా తిరిగి, పట్టుకుని, రెక్కలు పీకి, విందుభోజనంలా తింటాడు. రెండు ఆటల్లోనూ నవ్వు వచ్చేది తినకూడనిది తిన్నందుకు కాదు, దాన్ని మర్యాద తప్పకుండా తిన్నందుకు.

ఇలాంటి చిన్న చిన్న ఆటల్ని వాళ్లు లాత్సీ అనేవాళ్లు. దీనికి మన సినిమావాళ్ల మాటే సరిగ్గా సరిపోతుంది: బిట్టు. కామెడీ బిట్టు అంటాం చూడండి, అది. ఏ కథలోనైనా అతికించుకోవచ్చు.

*

వ్యాఖ్య (విజయవాడ నుంచి): పుల్చినెల్లానే ఇంగ్లీషులో పంచ్ అయ్యాడని ఎక్కడో చదివాను. అయితే మన పంచ్ డైలాగు కూడా ఆయనదేనా అండీ?

జవాబు: మొదటిది నిజం, రెండోది కాదండీ. పుల్చీనో అంటే కోడిపిల్ల. ముక్కూ కీచుగొంతూ చూసి ఆ పేరు వచ్చిందంటారు. 1662 మే 9న సామ్యూల్ పీప్స్ అనే లండన్ ఆయన ఇటలీ బొమ్మలాట చూశానని తన డైరీలో రాసుకున్నాడు. ఆ బొమ్మే తర్వాత పంచ్ అయింది. పంచ్ డైలాగులోని పంచ్ మాత్రం గుద్దు. అది వేరే మాట. పేర్లు కలిశాయి కదాని చుట్టరికం కలిపెయ్యకూడదు, మన గ్రూపులో ఈ పొరపాటు తరచూ జరుగుతోంది.

*

వ్యాఖ్య (వరంగల్ నుంచి ఒక తమ్ముడు): అన్నా, ఈ వేషాలన్నీ ఒకే భాష మాట్లాడేవా? మన సినిమాల్లో చానా ఏండ్లు మా యాస కమెడియన్లకు, రౌడీలకే పెట్టిన్రు. అందుకని అడుగుతున్న.

జవాబు: తమ్ముడూ, భాషాచర్చకి అసలు అడగవలసింది నువ్వే అడిగావు. ఒకే భాష కాదు. పంతలోనేది వెనిస్ మాట. పండితుడి వేషం దొత్తోరే, బొలోన్యావాడు, ఆ యాసలో తప్పుల లాటిన్ కలిపి గంటలు గంటలు దంచుతాడు. జాన్నిది బెర్గమో కొండల మాట. గొప్పలు చెప్పే కపితానో చాలాసార్లు స్పెయిన్‌వాడు. అప్పట్లో ఇటలీలో చాలాభాగం స్పెయిన్ కింద ఉండేది కాబట్టి, ఆ సిపాయి పారిపోతుంటే జనానికి కడుపు చల్లబడేది. ప్రేమికులకి ముసుగు ఉండదు. వాళ్లు మాత్రం పుస్తకాల తోస్కానా భాష మాట్లాడేవాళ్లు.

అంటే హీరో హీరోయిన్లకి ఒక భాష, నవ్వించేవాళ్లకి యాస అనే పద్ధతి అక్కడా ఉంది. కానీ రెండు తేడాలు. అక్కడ డబ్బున్న యజమానికీ యాసే, చదువుకున్న పండితుడికీ యాసే. రెండోది, నాలుగువందల ఏళ్ల తర్వాత ఆ పుస్తకభాష ప్రేమికుల పేర్లు ఎవరికి గుర్తున్నాయి? యాస ఉన్నవాళ్లే మిగిలారు. మన సినిమాల్లో జరిగింది అన్యాయమే. యాసని మనిషికి కాకుండా నవ్వుకి అద్దెకిచ్చారు. హీరో కూడా తన ఊరి మాట మాట్లాడే సినిమాలు ఈమధ్య వస్తున్నాయంటే నాకు నిజంగా సంతోషం.

ఇటలీ సినిమా ఈ విషయంలో తన పాతవిద్య మరిచిపోలేదు. మారియో మోనిచెల్లీ 1958లో తీసిన దొంగల సినిమా ఒకటుంది. రోమ్‌లో నలుగురైదుగురు పనికిమాలిన దొంగలు ఒక తాకట్టు దుకాణానికి కన్నం వెయ్యాలనుకుంటారు. ఒకడు సిసిలీవాడు, చెల్లెల్ని గది తలుపు వేసి కాపలా కాస్తుంటాడు. మీసాలున్న యువ పంతలోనే అనుకో. ఒకడు బొలోన్యా యాస మాట్లాడే బక్క ముసలివాడు, సినిమా పొడుగునా ఏదో ఒకటి నములుతూనే ఉంటాడు. పండితుడి యాస, జాన్ని కడుపు! ఇనప్పెట్టె తెరవడం నేర్పే గురువుగా తోతో అనే హాస్యనటుడు వస్తాడు. చివరికి రాత్రంతా కష్టపడి గోడ పగలగొడితే అటువైపు తగిలింది తాకట్టు దుకాణం కాదు, అదే ఇంటి ఇంకో గది. వంటింట్లో శనగలు వేసి వండిన పాస్తా గిన్నె కనిపిస్తుంది. ఇంకేం చేస్తారు, కూచుని తింటారు. పొద్దున్న పేపర్లో వార్త వస్తుంది: గుర్తు తెలియని దొంగలు గోడకి కన్నం వేసి పాస్తా, శనగలు తిని పోయారని. డబ్బుసంచి కోసం వెళ్లినవాడికి చివరికి దక్కింది గిన్నెడు తిండి. జాన్ని కథ ఎప్పుడూ ఇంతే.

తోతో గురించి ఇంకో మాట. నేపుల్స్‌వాడు, అంటే పుల్చినెల్లా ఊరివాడు. ఒక్కో కీలు విడివిడిగా ఊడిపోయినట్టు, దారాలు తెగిన బొమ్మలా కదిలేవాడు. 1954లో వచ్చిన సినిమా ఒకదాంట్లో రెండు కుటుంబాలు తిండిలేక ఒకే గదిలో ఉంటాయి. హఠాత్తుగా ఎవరో పొగలు కక్కే స్పగెట్టీ తెచ్చి బల్ల మీద పెడతారు. కాసేపు ఎవరూ కదలరు. ఎవరి కుర్చీల్లో వాళ్లు, పెద్దమనుషుల్లా. తర్వాత ఒక్కో కుర్చీ కొంచెం కొంచెంగా బల్ల వైపు జరుగుతుంది. ఆ తర్వాత ఒక్కసారిగా మీదపడతారు, చేతులతో. తోతో బల్లెక్కి, నోట్లో కుక్కుకుంటూ, మిగిలింది జేబుల్లో కుక్కుకుంటాడు. వేడి వేడి స్పగెట్టీ, జేబుల్లో! రేపటికి దాచుకోవడం అంటే అది. నేను ఆ ఘట్టం పదిసార్లు చూసి ఉంటాను. నవ్వుతూ మొదలుపెడతాను, జేబుల దగ్గరికి వచ్చేసరికి గొంతు పట్టేస్తుంది.

*

వ్యాఖ్య (డాలస్ నుంచి): మా అమ్మాయి హాలోవీన్‌కి హార్లీ క్విన్ వేషం వేస్తానంటోంది. అదీ ఈ బాపతేనా? అలాగే సర్కస్ బఫూన్ సంగతి కూడా చెప్పరూ.

జవాబు: అదీ ఈ బాపతేనమ్మా. హార్లీ క్విన్ 1992లో బ్యాట్‌మాన్ కార్టూన్ సీరియల్‌లో పుట్టింది, తర్వాత పెద్ద సినిమాలకి వెళ్లింది. పేరుని గబగబా పలికితే హార్లెక్విన్. ఎరుపు నలుపు డైమండు గళ్లు అర్లెక్కీనో అతుకుల బట్టలవే. మొదట్లో అవి నిజంగా చిరుగులకి వేసిన అతుకులు, తర్వాత తర్వాత అందమైన గళ్లయ్యాయి. మీ అమ్మాయికి ఈ ముక్క చెప్పండి, వేషం ఇంకా బాగా కడుతుంది.

బఫూన్ కూడా ఇటలీ మాటే, బుఫ్ఫోనే. బుగ్గలు పూరించి ఊదడం అనే క్రియలోంచి వచ్చింది. చిన్నప్పుడు సర్కస్‌లో బఫూన్ బుగ్గలు ఉబ్బించి, వేలితో పొడిచి ఫట్టుమనిపించేవాడు గుర్తుందా? తన పేరుకి అర్థం తనే ఆడి చూపించేవాడన్నమాట.

*

వ్యాఖ్య (రాజమండ్రి నుంచి): ఎంత చెప్పినా ఇవి మూస పాత్రలే కదండీ. మూస పాత్రలు సినిమాని బాగుచేశాయంటే ఒప్పుకోలేకపోతున్నాను.

జవాబు: మీ మాటలోనే నా జవాబు ఉందండీ. మూస అంటే ఇప్పుడు మనకి తిట్టు. రివ్యూలో మూస పాత్ర అని రాస్తే ఆ సినిమా పోయినట్టే. కానీ కంసాలి భాషలో మూస అంటే బంగారం కరిగించే మట్టి పాత్ర.

మా వీధి చివర కంసాలి తాత కొట్టు ఉండేది. మా నాయనమ్మ పాత గాజు ముక్కలు పట్టుకెళ్తే నేనూ వెంట వెళ్లేవాణ్ని. కుంపట్లో బొగ్గులు, వాటి మధ్య అరచేతిలో పట్టేంత మూస, అంచులు మసిబారి నల్లగా. తాత ఊదుగొట్టంతో ఊదుతుంటే లోపల ముక్కలు మొదట ఎర్రబడి, అంచులు మెత్తబడి, ఉన్నట్టుండి కదిలే చుక్కయ్యేవి. ఎన్ని ఏళ్ల నుంచి ఎన్ని ఇళ్ల బంగారం అందులో కరిగిందో. మూస మారదు. అందులోంచి వచ్చింది ఒకసారి చెవిదిద్దు, ఒకసారి ఉంగరం.

ఇంకో సంగతి చూడండి. పాత్ర అనే మాటకి మన భాషలో గిన్నె అనే అర్థమూ ఉంది, వేషం అనే అర్థమూ ఉంది. మూస పాత్ర అన్నప్పుడు రెండూ కలిసే ఉన్నాయి. మనమే అందులోంచి నిప్పు తీసేసి అచ్చు అనే అర్థం మిగుల్చుకున్నాం. అచ్చులోంచి ఒకేలాంటి వస్తువులు వస్తాయి. మూసలోంచి అలా రావు.

ఇటలీ నాటకకర్త గొల్దోని 1740లలో రాసిన ఇద్దరు యజమానుల నౌకరు నాటకం ఉంది. ఒకేసారి ఇద్దరికీ భోజనం వడ్డిస్తూ, తను ఆకలితో నకనకలాడే నౌకరు కథ. మిలాన్‌లోని పిక్కొలో తియాత్రో 1947లో దాన్ని మళ్లీ రంగం ఎక్కించింది. ఫెర్రూచ్చో సోలెరీ అనే నటుడు 1960ల మొదట్నుంచి 2018 దాకా అందులో ఆ నౌకరు అర్లెక్కీనో వేషం ఆడాడు. చివరిసారి ఆడేనాటికి 90కి దగ్గర పడ్డాడు. ఒకే వేషం, అవే గంతులు. విసుగు పుట్టించే మూసే అయితే అన్నేళ్లు జనం టికెట్ కొనుక్కుని చూడరు కదండీ.

సినిమాలో ఈ మూస ఎంత వేడి తట్టుకోగలదో తెలియాలంటే 1997 నాటి రొబెర్తో బెనీన్యీ సినిమా చూడాలి. నాజీల శిబిరంలో తండ్రి, అయిదేళ్ల కొడుకు. జర్మన్ కాపలావాడు వచ్చి నిబంధనలు అరుస్తాడు, ఇటాలియన్‌లోకి చెప్పేవాడు కావాలి అంటాడు. తండ్రికి జర్మన్ ముక్క రాదు. అయినా చెయ్యెత్తి ముందుకొస్తాడు. కాపలావాడు ఒక వాక్యం అరిస్తే, అదే గొంతుతో అదే మొహంతో ఇతను ఒక ఆట నియమం చెబుతాడు. వెయ్యి పాయింట్లు వచ్చినవాళ్లకి నిజం టాంకు బహుమతి. ఏడిస్తే పాయింట్లు పోతాయి. అమ్మ కావాలంటే పోతాయి. ఆకలేస్తోంది, తినడానికి పెట్టమంటే పోతాయి.

రాని భాష వచ్చినట్టు నటించి యజమానిని బోల్తా కొట్టించడం జాన్ని పాతబిట్టు. కొత్తగా చేసిందేమీ లేదు. కానీ నాలుగువందల ఏళ్లు తన ఆకలి చెప్పుకుని నవ్వించిన నౌకరు, ఇక్కడ పిల్లవాడి ఆకలి బయటపడకుండా దాచడానికి అదే బిట్టు ఆడతాడు. మూస అదే, లోపల కరిగింది వేరు. దీన్ని మీరు మూస పాత్ర అంటే నేనూ అంటాను, కంసాలి తాత అన్న అర్థంలో.

*

వ్యాఖ్య (హిందూపురం నుంచి): మన తోలుబొమ్మలాటలో కేతిగాడు, బంగారక్క, జుట్టుపోలిగాడు ఉన్నారు కదా. వాళ్లకీ వీళ్లకీ ఏమైనా చుట్టరికం?

జవాబు: చుట్టరికం లేదండీ, ఎవరి ఇంట్లో వాళ్లు పుట్టారు. పనిలో మాత్రం తోటివాళ్లే. రామాయణం ఆడుతున్నా భారతం ఆడుతున్నా, యుద్ధం మధ్యలోనైనా సరే కేతిగాడు దూరిపోయి, ఊళ్లో మొన్న జరిగిన సంగతి ఎత్తి నవ్వించి పోతాడు. కథ ఏదైనా వేషం అదే, మాట మాత్రం ఆ రాత్రికి ఆ ఊరిది. అక్కడ తోలు ముసుగు, ఇక్కడ తోలు బొమ్మ.

మీరు హిందూపురం అన్నారు కాబట్టి అడుగుతున్నాను. తోలుబొమ్మలవాళ్ల ఊరు నిమ్మలకుంట మీకు మరీ దూరం కాదు. కేతిగాడు, బంగారక్క గొడవపడే బిట్టు ఒక్కటి, ఆటగాళ్ల నోట విన్నది విన్నట్టు, బూతులతో సహా, రాసుకొచ్చి ఇక్కడ పెట్టగలరా? దాని పక్కన స్కాలా అచ్చు వేసిన ఆ 50లో ఒకదాన్ని తెలుగు చేసి పెట్టే పని నాది.